టామ్ ఆఫ్ ఫిన్లాండ్ చిత్రములు: శృంగార మెచట, అశ్లీల మెచట?

2014వ సంవత్సరమున ఫిన్లాండు తపాలా సంస్థ మూడు తపాలా బిళ్లలు గల యొక పత్రమును వెలువరించెను. వానిపై ముద్రింపబడినవి ఆ దేశీయుడే యైన టౌకో లాక్సొనెన్ గీసిన చిత్రములు. లోకమున కితడు టామ్ ఆఫ్ ఫిన్లాండ్ అను మారుపేరుతోనే తెలియును. పురుషులను కామించు పురుషులే ఇతని జీవితకాలపు చిత్రవస్తువు. 1971 వరకును ఆ దేశపు శిక్షాస్మృతి యట్టి సంబంధమును నేరముగా నెంచెను. 1981 వరకును అది అచట రోగముల పట్టికలో నుండెను. నేరమును విడిచిన చట్టమే దానిని బహిరంగముగా ప్రోత్సహించుటను మాత్రము నిషేధించి, ఆ నిషేధమును 1999 దాక నిలిపినది. అట్టి దేశమే అతని బొమ్మలను ఉత్తరములపై నంటించి లోకమంతటికి పంపినది.

చిత్రము మారలేదు, చూచు కన్ను మారినదని చెప్పి యూరకుండుట సులభము. విమర్శకున కది చాలదు. కన్ను మారినంత మాత్రమున ప్రతి బొమ్మయు కళ కాజాలదు. ఈ చిత్రములలో గుణమేది, దోషమేది యను ప్రశ్నను మన యాలంకారికులు శృంగారమును, అశ్లీలమును గూర్చి యేర్పరచిన కొలతలతో పరిశీలించుట ఈ వ్యాసమున మా యుద్దేశము. ఆ కొలతలు కావ్యమునకై పుట్టినవే యైనను, చూచువాని మనస్సున కలుగు భావము వాని కాధారము గనుక చిత్రమునకును చెల్లునని మేము తలంచుచున్నాము.

ముందుగా జీవితమును సంగ్రహముగా చెప్పవలెను. లాక్సొనెన్ 1920 మే 8వ తేదీన నైరుతి ఫిన్లాండులో టుర్కు నగరమునకు చేరువ నున్న కారినా యందు జన్మించెను. తలిదండ్రు లిరువురును ఉపాధ్యాయులు. 1939లో ప్రకటనకళ నభ్యసించుటకై హెల్సింకి నగరమునకు వచ్చెను. అంతలో యుద్ధము వచ్చి అతనిని సైన్యమునకు గొనిపోయినది. విమాన విధ్వంసక దళమున నతడు అధికారిగా పనిచేసెను. వైమానిక దాడుల భయముచే నగరము రాత్రివేళ దీపము లార్పుకొని యుండిన ఆ దినములలోనే అతనికి సైనికులతో తొలి ప్రణయానుభవములు కలిగెనని చరిత్రకారులు వ్రాసిరి. యుద్ధానంతరము సిబేలియస్ అకాడమీలో పియానో నేర్చెను. 1958 నుండి మెక్‌కాన్ ఎరిక్సన్ అను ప్రకటనల సంస్థలో నుద్యోగము చేసెను. పగలు వస్తువుల యమ్మకమునకు బొమ్మలు గీయుట, రాత్రి తలుపు మూసికొని తనకై తాను గీసికొనుట, ఇది చిరకాల మతని దినచర్య. నర్తకుడైన వేలి మాకినెన్‌తో అతడు 28 ఏండ్లు కాపురముండెను. 1981లో మాకినెన్ మరణించెను. చిత్రకారుడు 1991 నవంబరు 7వ తేదీన గతించెను.

తలుపు మూసి గీసిన బొమ్మలు వెలికి వచ్చిన మార్గము విచిత్రమైనది. అమెరికాలోని లాస్ ఏంజిలిస్ నగరమున బాబ్ మైజర్ 1951లో 'ఫిజీక్ పిక్టోరియల్' అను పత్రికను స్థాపించెను. వ్యాయామము, దేహదార్ఢ్యము దానికి పైవేషము; పురుషసౌందర్యమును కోరి చూచు పురుషులే దాని నిజమైన చందాదారులు. అశ్లీలమను పేర తపాలాశాఖ పత్రికలను నిలిపివేయు కాలమగుటచే ఆ వేషము తప్పనిసరి యైనది. లాక్సొనెన్ 'టామ్' అను పేర తన చిత్రముల నచటికి పంపెను. 1957 వసంతసంచికలో నవి వెలువడినవి. 'ఆఫ్ ఫిన్లాండ్' అనుదానిని చేర్చినవాడు మైజరే.

ఆ సంచిక ముఖచిత్రమును కొంత నిదానించి చూడవలసి యున్నది. నదిలో దుంగలను తోలు యువకు లిరువురు; వారిని చూచు మూడవవా డొకడు. దుంగలు తోలు కూలివాడు ఫిన్లాండు పాటలలోను, చలనచిత్రములలోను వీరుడు, జాతీయతకు చిహ్నము. టామ్ ఆ చిహ్నమును చెరుపలేదు, వెక్కిరింపలేదు. దానిపై నొక చూపును మాత్రము చేర్చెను. దేశమంతయు మెచ్చు శరీరమును మెచ్చు హక్కు ఆ మూడవవానికిని గలదని ఆ చూపు పలుకుచున్నది. ఇతని కళ కంతటికిని బీజ మా చూపే యని మా యభిప్రాయము.

1962లో అమెరికా సర్వోన్నత న్యాయస్థానము పురుషుల నగ్నచిత్రములు అంతమాత్రముచేతనే యశ్లీలములు గావని తీర్చెను. పిమ్మట పత్రికల వేషము క్రమముగా సడలెను. టామ్ 1968 నుండి 1986 వరకు ప్రకటించిన 'కాకె' చిత్రకథలు 26. నాయకుడు మీసము, తోలుదుస్తులు గల విహారి. వానిలో మాట లుండవు, దాపరికమును లేదు. 1973లో నతడు ఉద్యోగము మాని పూర్తిగా నీ పనికే యంకితుడయ్యెను. ఆ యేటనే హాంబర్గు నగరమున జరిగిన తొలి ప్రదర్శనలో ఒక్కటి తప్ప చిత్రములన్నియు దొంగిలింపబడినవి.

ఇక గుణదోష విచారము. మన యాలంకారికులు అశ్లీలదోషమును మూడు విధములుగా విభజించిరి: వ్రీడను కలిగించునది, జుగుప్సను కలిగించునది, అమంగళమును స్ఫురింపజేయునది. ఈ విభాగము మిక్కిలి సూక్ష్మమైనది. నగ్నత యశ్లీల మనలేదు. సంభోగ మశ్లీల మనలేదు. సహృదయుని మనస్సున నేమి పుట్టుచున్నదను దానినే వారు ప్రమాణముగా గొనిరి.

మొదటిది వ్రీడ, అనగా సిగ్గు. టామ్ చిత్రములలో ప్రధానమైన రేఖ యేదని మమ్మడిగినచో భుజముల రేఖ గాదు, పెదవుల రేఖ యని చెప్పుదుము. ఈ పురుషులు నవ్వుచుందురు. అంతకుముందు ఇట్టివారిని చూపిన బొమ్మలలో హాస్యపాత్రయో, రోగియో, తుదకు చావవలసిన యభాగ్యుడో కనబడుట పరిపాటి. సైనికుని, పోలీసును, రౌతును, కట్టెలు గొట్టువానిని, అనగా సమాజము మగతనమునకు మచ్చుగా నెంచిన వారినే గ్రహించి, వారి ముఖములపై నిష్కపటమైన సంతోషమును గీయుట టామ్ చేసిన పని. ఆ నవ్వు ప్రకటనల నవ్వు. సబ్బును గొన్న గృహిణి ముఖముపై ప్రకటనకారుడు గీయు తృప్తిని, చట్టము వెలివేసినవారి ముఖములకు మార్చెను. పగటి వృత్తి రాత్రి కళకు చేసిన యుపకార మిది. సీసపు పెన్సిలుతో తోలు బూట్లపై మెరుగును దిద్దుటలో నతని చేతివాటము కూడ ఆ వృత్తి నేర్పినదే.

కావున వ్రీడ యీ చిత్రములలో లేదు. చూచువానికి కలిగినచో అది వాని సొంత సొత్తు. మన సాహిత్యమునను ఇట్టి యనుభవము గలదు. ముద్దుపళని రాధికాసాంత్వనమును బెంగుళూరు నాగరత్నమ్మ 1910లో ప్రకటింపగా ప్రభుత్వము నిషేధించెను. 1947లో గాని యా నిషేధము తొలగలేదు. సిగ్గు పొత్తమున నుండెనా, నిషేధించినవారి మనస్సున నుండెనా యని నేడు మన మడుగవలసిన పని లేదు.

రసాభాసమను ఆక్షేపణ మొకటి మిగులును. అనౌచిత్యమున ప్రవర్తిల్లిన రతి శృంగారము గాక శృంగారాభాస మగునని లాక్షణికుల మతము. వారు చెప్పిన యనౌచిత్యములలో ముఖ్యమైనది రతి ఉభయనిష్ఠము గాకుండుట, అనగా ఒకరికే కోరిక యుండుట. ఈ కొలతతో చూచిన టామ్ చిత్రములలో పెక్కు నెగ్గుచున్నవి. బంధించువాడు మరుపుటలో బంధింపబడును, ఇరువురును నవ్వుదురు. కోరిక పరస్పరమని చూపుటకై యతడు పడిన శ్రద్ధ ప్రతి కథలోను కనబడును. లక్షణకర్తలు నాయికానాయకులను మాత్రమే తలంచి వ్రాసిరనుట నిజమే. కాని వారి హేతువు వారి యుదాహరణముకంటె విశాలమైనదని మేము విశ్వసించుచున్నాము.

రెండవది జుగుప్స. అవయవములను మితిమీరి పెంచి గీయుట కొందరికి రోత గొలుపవచ్చును. ఇది యతిశయోక్తి. ప్రబంధనాయికకు నడుము లేదనిన కవిని మనము మన్నించితిమి. టామ్ నాయకునకు ఛాతీ వాకిలి పట్టనంత యున్నదనిన నేల మన్నింపరాదు? అయితే ఒకే యతిశయోక్తి వేలకొలది బొమ్మలలో మరల మరల వచ్చినపుడు అది వర్ణనము గాక కొలబద్ద యగును. బక్కవాడు, ముసలివాడు అందులో తన ముఖమును వెదకికొనలేడు.

మూడవదియైన యమంగళము దగ్గర మాత్రము మేము అతనిని విడిచిపెట్టలేము. యుద్ధకాలమున చూచిన జర్మను సైనికుల వేషములను అతడు కొన్ని చిత్రములలో గీసెను. ఆ సిద్ధాంతము తనకు రోత యనియు, దుస్తుల సొగసే తన్నాకర్షించెననియు అతడు చెప్పుకొనెను. ఆ మాటను మేము నమ్ముచున్నాము. కాని దుస్తులకు స్మృతి యుండును. స్వలింగానురక్తులనే నిర్బంధశిబిరములకు తోలిన రాజ్యపు వేషము అది. లక్షలాది మృతులను స్ఫురింపజేయు వస్త్రమును కేవలము సొగసుగా చూపుట యమంగళాశ్లీలమే. ఇచట నగ్నతకంటె వస్త్రమే యశ్లీలమైనది.

ఇంకొక కొరత మరింత లోతైనది. శృంగారము సంభోగమనియు, విప్రలంభమనియు రెండు విధములు. టామ్ సంభోగమునే గీసెను, విరహమును గీయలేదు. అతని జీవితమున విరహము లేకపోలేదు. సహచరుడు పోయెను, 1980 దశకమున ఎయిడ్స్ వ్యాధి అతని చిత్రములను ప్రేమించిన తరమునే కబళించెను. ఆ దుఃఖ మతని పెన్సిలు మొనకు దిగలేదు. నవ్వు నిచ్చిన ప్రకటనకళయే యీ కొరతను గూడ నిచ్చినది. ప్రకటనలో ఎవ్వరును ఏడ్వరు గదా. ఏడ్పే పాలుగా నిర్ణయింపబడినవారికి ఒక్కడైనను నవ్వును మాత్రమే గీయవలసిన యవసర ముండెనని సమాధానము చెప్పవచ్చును. అది చరిత్రదృష్టితో సరియైన సమాధానము. రసదృష్టితో కొరత కొరతయే.

అతని వారసత్వము నేడు విస్తరించినది. 1984లో డర్క్ డేనర్ అనువానితో కలిసి యతడు లాస్ ఏంజిలిస్‌లో స్థాపించిన సంస్థ చిత్రములను భద్రపరచుచున్నది. న్యూయార్కులోని ఆధునిక కళా సంగ్రహాలయము 2006లో కొన్నిటిని స్వీకరించెను. 2017లో అతని జీవితము చలనచిత్రమయ్యెను; 2023లో హెల్సింకిలోని కియాస్మా ప్రదర్శనశాల పెద్ద ప్రదర్శన జరిపెను. అతని బొమ్మలు పక్కదుప్పట్లపై గూడ నెక్కినవి. ఈ గౌరవమున నొక యపాయము గలదు. వెలివేయబడిన నవ్వునకు పదును గలదు. అంగడి నవ్వునకు లేదు. 1957 నాటి యా ముఖచిత్రమున మూడవవాడు చూచు చూపు చట్టముతో తలపడిన చూపు. దుప్పటిపై బొమ్మను చూచు నేటివారు ఆ సంగతి మరచినచో, టామ్‌ను మెచ్చుచునే పోగొట్టుకొందురు. అతని చిత్రములను గుణదోషములతో సహా కళగా విమర్శించుటయే అతనికి చేయదగిన గౌరవమని మా నిశ్చయము.