కాగితాన్ని మాట్లాడించిన విలేకరి

యుద్ధం ముగిసినంత మాత్రాన యుద్ధంలో బలిసినవాళ్లు మాయమైపోరు. 1990ల యుగొస్లావియా యుద్ధాల నీడలో పెరిగిన ముఠాలు, స్మగ్లర్లు, వాళ్లతో చేతులు కలిపిన ప్రత్యేక పోలీసు దళాలవాళ్లు, 2000 అక్టోబరులో పాలకుడు మిలోసెవిచ్ గద్దె దిగాక కూడా సెర్బియాలో దర్జాగా తిరిగారు. 2003 మార్చి 12న ప్రధాని జోరాన్ జింజిచ్‌ను బెల్‌గ్రేడ్‌లో ప్రభుత్వ కార్యాలయం దగ్గరే కాల్చి చంపారు. ఆ మరుసటి ఏడాది బీ92 టీవీలో ‘ఇన్‌సైడర్’ అనే పరిశోధనాత్మక కార్యక్రమం మొదలైంది. దాన్ని నడిపిన విలేకరి బ్రాంకిత్సా స్టాంకోవిచ్.

ఆమె పనితనమంతా కాగితంలో ఉంది. ఆరోపణ వినిపించిన వెంటనే దానికి ఆధారమైన పత్రం తెర మీదికి వస్తుంది. అందులో మనం చూడాల్సిన వాక్యం మాత్రం వెలుగులో నిలుస్తుంది, మిగతా పేజీ మసకబారుతుంది. వెనక నుంచి వినిపించే గొంతులో ఆవేశం ఉండదు, తిట్టు ఉండదు. తేదీ, పేరు, సంతకం అంతే. సంగీతంతో భయపెట్టి, అరుపులతో ఒప్పించే టీవీకి అలవాటుపడ్డ కంటికి ఈ నిగ్రహం మొదట చప్పగా అనిపిస్తుంది. రెండు భాగాలు చూశాక దాని బలం తెలుస్తుంది. కోపం తెచ్చుకునే పని ఆమె ప్రేక్షకుడికే వదిలేసింది.

2009 డిసెంబరులో ఫుట్‌బాల్ గూండాల మీద ప్రసారమైన ధారావాహిక ఈ పద్ధతికి పరాకాష్ఠ. అంతకు ముందే, సెప్టెంబరులో, మ్యాచ్ చూడటానికి తూలూజ్ నుంచి వచ్చిన ఒక ఫ్రెంచ్ అభిమానిని బెల్‌గ్రేడ్ నడిబొడ్డున చావబాదారు. కొన్ని రోజులకే అతను ప్రాణం విడిచాడు. దేశమంతా గూండాలను తిడుతున్న వేళ స్టాంకోవిచ్ మరో ప్రశ్న వేసింది: వీళ్లను ఇంతకాలం బయట ఉంచిందెవరు? అభిమాన సంఘాల నాయకుల మీద ఏళ్ల తరబడి పేరుకున్న కేసులను వరుసగా పేర్చి చూపించింది. నడవని విచారణలు, సాగదీసిన వాయిదాలు, గడువు దాటి చల్లారిపోయిన అభియోగాలు. పోలీసులు కోర్టును చూపిస్తారు, కోర్టు ప్రాసిక్యూటర్‌ను చూపిస్తుంది. ఒక్కొక్కటిగా చూస్తే ప్రతిదీ మామూలు జాప్యమే. వరుసలో పెట్టేసరికి అదొక వ్యవస్థ అని అర్థమవుతుంది. ఆ వరుస కట్టడంలోనే ఆమె ప్రతిభ ఉంది.

ప్రతిఫలం వెంటనే దక్కింది. బెల్‌గ్రేడ్ క్లబ్ పార్టిజాన్ ఆడిన మ్యాచ్‌లో అభిమానులు ఆమెకు ప్రతీకగా ఒక గాలిబొమ్మను ఎగరేసి తన్నారు. స్లావ్కో చురువియాకు పట్టిన గతే నీకూ పడుతుందని గుంపుగా అరిచారు. చురువియా 1999 ఏప్రిల్‌లో బెల్‌గ్రేడ్‌లో తన ఇంటి ముందే హత్యకు గురైన పత్రికా సంపాదకుడు. ఈ బెదిరింపుల తర్వాత స్టాంకోవిచ్ ఏళ్ల తరబడి పోలీసు రక్షణలోనే బతకాల్సి వచ్చింది. ఎవరి వైఫల్యాన్ని బయటపెట్టిందో ఆ పోలీసు శాఖే ఆమె గుమ్మం ముందు కాపలా కాసింది.

అయినా ఆమె పని ఆగలేదు. కొలుబారా బొగ్గు గనిలో యంత్రాల అద్దె పేరిట సొమ్ము ఎటు పోయిందో తవ్వింది. కొసొవోలోని సెర్బుల కోసమని ఖర్చు రాసిన ప్రజాధనం ఎవరి జేబుల్లోకి చేరిందో వెతికింది. ఈ రెండోది మరింత సాహసం. యుద్ధగాయం ఇంకా పచ్చిగా ఉన్న దేశంలో కొసొవో పేరెత్తి లెక్క అడిగితే దేశద్రోహి ముద్ర ఖాయం. కోర్టు తేల్చకముందే మనుషుల పేర్లు చెబుతోందన్న విమర్శా ఉంది. దాన్ని తేలిగ్గా తీసిపారేయకూడదు. అయితే విచారణే జరగనివ్వని చోట, తీర్పు వచ్చేదాకా ఆగమనడం నేరస్తుడికి రక్షణ కల్పించడమే. ఆమె తీర్పు చెప్పలేదు. తీర్పు ఎందుకు రాలేదని అడిగింది.

2014లో అంతర్జాతీయ మహిళా మీడియా ఫౌండేషన్ ఆమెకు సాహస జర్నలిజం పురస్కారం ఇచ్చింది. సాహసం నిజమే, కానీ బెదిరింపుల కథ చెప్పి ఆమె ఓపికను మరిచిపోతే అన్యాయం. కేసు నంబర్లు, టెండర్లు, సంతకాలు ఏరి, ఏది ముందో ఏది తర్వాతో తేల్చి, మామూలు మనిషికి అర్థమయ్యేలా చెప్పే చాకిరీ అది. యుద్ధం అబద్ధాల మీద నడిచిన దేశంలో ప్రజలు ఏ నాయకుడి మాటా నమ్మరు, ఏ చానెల్ మాటా నమ్మరు. అలాంటి చోట నన్ను నమ్మమని ఆమె అడగలేదు. పత్రాన్ని చూపించి, మీరే చదువుకోండని చెప్పింది. నమ్మకం మళ్లీ మొలకెత్తే దారి అదొక్కటే.