పడవ మీది చరిత్ర, నీటి కింది వాడ

శ్రీశైలం జలాశయం మీద పడవెక్కి, సంగమేశ్వరం గుడి చూసి, పొద్దు మునిగేలోగా ఇంటికి చేరే యాత్ర ఇప్పుడు కృష్ణకు రెండు పక్కలా బాగానే నడుస్తున్నది. అవతలి ఒడ్డున సోమశిల నుంచి మరబోట్లలో వస్తారు. ఇవతలి ఒడ్డున ఆత్మకూరు, కొత్తపల్లి మీదుగా బండ్లలో వచ్చి, నీళ్ళున్న కాడి నుంచి పడవ ఎక్కుతారు. పడవలోనో ఒడ్డునో ఒకరు కథ చెబుతారు. మేం ఇక్కడ విమర్శకు తీసుకున్నది ఆ కథను. కథనూ కవితనూ నవలనూ మాత్రమే రచన అనుకునే అలవాటు మన సాహిత్య విమర్శకు ఉంది. గైడు చెప్పేది కూడా రచనే. అచ్చయిన పుస్తకానికి వెయ్యి ప్రతులు అమ్ముడుపోవడం కష్టమైన ఈ భాషలో, ఈ మౌఖిక రచన ఎండాకాలం పొడుగునా రోజూ మళ్ళీ మళ్ళీ వినిపిస్తుంది. ఊరికి తిరిగి పోయినవాళ్ళు దాన్నే ఇంకొకరికి చెబుతారు. మరి దాన్ని విమర్శించకుండా వదిలేస్తే ఎట్లా?

కథ తెలిసిందే. వనవాసంలో ఉన్న పాండవులు వచ్చారు. ధర్మరాజు ప్రతిష్ఠ చెయ్యాలనుకున్నాడు. కాశీ నుంచి లింగం తెస్తానని పోయిన భీముడు వేళకు రాలేదు. వేపమొద్దును లింగంగా మలిచి నిలబెట్టారు. తర్వాత ఏడు నదుల పేర్లు వరసగా వస్తాయి: తుంగ, భద్ర, కృష్ణ, వేణి, భీమ, మలాపహారిణి, భవనాశి. ఇదంతా చెప్పినాక, ఎవరన్నా అడిగితే, చివర ఒక చిన్న వాక్యం: డ్యాం కట్టినాక గుడి మునిగిపోయింది.

ఈ చివరి వాక్యం దగ్గర కాసేపు ఆగాలి. తెలుగులో 'మునుగు' వేరు, 'ముంచు' వేరు. మునగడానికి కర్త అక్కర్లేదు, ముంచడానికి కావాలి. పాండవుల కాలంలో ఎవరు ఏం చేశారో పేర్లతో సహా చెప్పే కథ, మన కళ్ళముందు జరిగినదానికి వచ్చేసరికి కర్తను జారవిడుస్తుంది. గుడి మునిగింది, ఊళ్ళు మునిగినాయి, అంతా దానంతటదే అయిపోయింది. పురాణంలో చరిత్ర ఉంటుంది, చరిత్రలో మాత్రం మనుషులుండరు. బ్రాహ్మణీయ కథనానికి ఇది కొత్త విద్య కాదు గానీ, పడవలో అది ఎంత సులువుగా పనిచేస్తుందో చూస్తే ఆశ్చర్యం వేస్తుంది. కింద నీళ్ళు, పైన ఎండ, చెయ్యి చాపిన చోట గోపురం. అడిగే తీరిక ఎవరికుంటుంది?

కర్తను వెనక్కి తెచ్చుకుందాం. శ్రీశైలం ప్రాజెక్టుకు 1963 జూలైలో నెహ్రూ శంకుస్థాపన చేశాడు. అప్పటి కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో సుమారు వంద ఊళ్ళు, లక్ష మంది దాకా జనం ముంపు కిందికి వచ్చారు. 1981 వేసవిలో పోలీసుల్ని దింపి, ఇళ్ళు పడగొట్టి ఖాళీ చేయించారు. ఆ పనికి పెట్టుకున్న పేరు 'ఆపరేషన్ డిమాలిషన్'. పేరులోనే ఉంది వాళ్ళు ఏం చేశారో. వానలు రాకముందే ఊళ్ళు లేకుండా చెయ్యడం ఒక 'ఆపరేషన్'.

అదే కాలంలో ఇంకో పని కూడా జరిగింది. ముంపులో ఉన్న గుళ్ళను రాయి రాయీ విప్పి, రాయికో నంబరు వేసి, వేరేచోటికి తీసుకుపోయి మళ్ళీ అదే వరసలో పేర్చారు. కూడవెల్లి సంగమేశ్వరాలయం ఆలంపురం చేరింది. రూపాల సంగమేశ్వరాలయం కర్నూలు పక్కన జగన్నాథగట్టు ఎక్కింది. అవతల సోమశిల గుళ్ళను కూడా ఎత్తయిన చోటికి మార్చారు. పురావస్తు పరిరక్షణగా ఇది మెచ్చుకోదగ్గ పనే. చాళుక్యుల కాలపు శిల్పం నీళ్ళలో కరిగిపోవాలని మేం అనడం లేదు. మా ప్రశ్న వేరు. ఏ రాయి ఎక్కడుండిందో అంత జాగ్రత్తగా రాసుకోగలిగిన ప్రభుత్వానికి, ఏ మనిషి ఎక్కడుండినాడో రాసుకోవడం చేతకాలేదా? గుడికి పునఃప్రతిష్ఠ ఉంటే, వాడకు పరిహారం లెక్క కూడా సరిగా లేకపోవడానికి కారణం ఏమిటి?

కారణం చట్టంలోనే ఉంది. 1894 నాటి భూసేకరణ చట్టం భూమిని కొనుక్కునే చట్టం. పట్టా ఉన్నవాడికి రేటు కడుతుంది. పట్టా లేనివాడికి, కోరుకు చేసేవాడికి, కూలిపోయేవాడికి, ఎట్టి చేసేవాడికి ఆ చట్టంలో చోటు లేదు. కృష్ణ ఒడ్డు ఊళ్ళల్లో మాలమాదిగలకు భూమి లేకపోవడం యాదృచ్ఛికం ఏమీ కాదు. కులం భూమి దక్కనియ్యలేదు, భూమి లేదని చట్టం పరిహారం దక్కనియ్యలేదు. ఒకే దెబ్బ రెండుసార్లు పడింది. కూలీలను, కౌలుదార్లను, చేతిపనులవాళ్ళను కూడా 'బాధిత కుటుంబం'గా గుర్తించే చట్టం రావడానికి 2013 దాకా ఆగాల్సి వచ్చింది. మధ్యలో, 1986లో జీవో 98 వచ్చింది. ముంపు కుటుంబానికి ఒక ఉద్యోగం అన్నది. ఆ ఉద్యోగాల కోసం దశాబ్దాల తర్వాత కూడా కర్నూలులో ధర్నాలు, దీక్షలు సాగినాయి. అప్పటి పిల్లకాయలకు వయోపరిమితి దాటిపోయింది.

వాడలో నీళ్ళ కింద పోయినదాంట్లో ఇల్లు ఒక్కటే ఇల్లు కాదు. లందతొట్టి ఉంది. తంగేడు చెక్క నానేసి తోళ్ళు ఊరబెట్టే ఆ రాతితొట్టి కూడా తరాలనాటిదే. దాని చుట్టూ ఒక సాంకేతిక జ్ఞానం ఉంది, మోట బొక్కెన నుంచి చెప్పు దాకా ఊరి వ్యవసాయం దానిమీద నడిచింది. బొందలగడ్డ ఉంది. మావాళ్ళల్లో కాల్చడం కన్నా పూడ్చడం ఎక్కువ, కాబట్టి చచ్చినవాళ్ళు కూడా మునకలో పోయినారు. వేపచెట్టు కింద సుంకులమ్మో పెద్దమ్మో ఎల్లమ్మో ఉంది. రాయికి పసుపు పూస్తే దేవత, పూయకపోతే రాయి. ఆ రాయికి పురావస్తుశాఖ నంబరు వెయ్యదు. శాసనం ఉండాలి, శైలి ఉండాలి, రాజు పేరుండాలి. మా దేవతలకు ఇవేవీ లేవు. 'వారసత్వ సంపద' అనే మాటకు నిర్వచనం ఎవరి చేతుల్లో ఉందో ఇక్కడ తేటగా కనిపిస్తుంది.

వేపమొద్దు సంగతి కూడా ఇక్కడే అడగాలి. సీమలో వేపచెట్టు ఎవరి దేవత? జాతరలో వేపమండ పట్టుకునేది ఎవరు? అమ్మవారు పోసిన పిల్లవాడి పక్కన వేపాకు పెట్టేది ఎవరు? వాడలోనూ శూద్ర కులాల్లోనూ అమ్మతల్లుల చుట్టూ అల్లుకున్న చెట్టు అది. అట్లాంటి మొద్దు శివలింగం కావడానికి భీముడి ఆలస్యం కారణమని కథ సర్దిచెబుతున్నది. సర్దిచెప్పాల్సిన అవసరం ఎందుకొచ్చింది? ఇక్కడ మొదట అమ్మే ఉండేదని రుజువు లేకుండా మేం తేల్చం. కానీ రాతిలింగం రావాల్సింది, రాలేదు, అందుకని వేప వచ్చింది అనే సమాధానంలోనే ఒక తడబాటు ఉంది. పరిశోధకులు ఆ తడబాటును పట్టుకోవాలి.

ఇక నీళ్ళ లెక్క. జలాశయం పూర్తి మట్టం 885 అడుగులు. మట్టం 840 అడుగుల చుట్టుపక్కలకు దిగితే గుడి బయటపడుతుంది. వానాకాలంలో నీళ్ళు ఎక్కేటప్పుడు పూజారి పడవలో వచ్చి శిఖరానికి హారతి ఇస్తాడు, టీవీల్లో వస్తుంది, చూడ్డానికి బాగుంటుంది. అయితే సీమకు నీళ్ళు పోయే పోతిరెడ్డిపాడు తూముల అడుగుమట్టమే 841 అడుగులు. అంటే గుడి కనిపించే రోజుల్లో తూము ఎండి ఉంటుంది. దర్శనం రుతువూ దాహం రుతువూ ఒకటే! శ్రీశైలంలో కనీసం 854 అడుగులు నిలబెట్టాలని సీమ ఉద్యమం అడుగుతూ వచ్చింది. 1996లో వచ్చిన జీవో 69 ఆ కనీసాన్ని 834కు దించింది. ఆ ఇరవై అడుగులు నిలబెట్టి ఉంటే ఈ యాత్రే ఉండేది కాదు. ఈ సంగతి పడవలో ఎవరూ చెప్పరు. చెబితే యాత్ర చేదవుతుంది.

సీమ నీటి ఉద్యమం మీద కూడా ఒక మాట అనక తప్పదు. 1937 శ్రీబాగ్ ఒడంబడిక నుంచి నేటిదాకా సీమకు అన్యాయం జరిగిందనే వాదన నిజమే. మేం దానితో ఉన్నాం. అయితే కాలువ వస్తే నీళ్ళు పొలానికి పోతాయి, పొలం ఎవరిది? ముంపులో ఊడ్చుకుపోయిన కూలీకి ఆయకట్టులో కూడా కూలే. సీమ పేరుతో మాట్లాడే పెద్దకులాల నాయకత్వం నీటి వాటా గురించి మాట్లాడినంత గట్టిగా భూమి వాటా గురించి మాట్లాడిన సందర్భం మాకైతే గుర్తుకు రావడం లేదు.

పడవ యాత్రకు పాత నమూనా నాగార్జునకొండ. అది మన సీమకు బయటే, పల్నాడులో. అయినా పోల్చి చూడాలి, ఎందుకంటే అక్కడ మునిగింది బౌద్ధం. 1926లో శిథిలాలు వెలుగులోకి వచ్చాయి. నాగార్జునసాగర్ ఖాయమైనాక 1954 నుంచి 1960 దాకా లోయంతా తవ్వారు. కొన్ని కట్టడాలను కొండమీదికి, కొన్నిటిని అనుపుకు మార్చారు. ఇప్పుడు విజయపురి సౌత్ నుంచి లాంచీలో పోయి, దీవిలో మ్యూజియం చూసి రావడం ఒక పూట పని. సరిగ్గా ఆ తవ్వకాలు జరుగుతున్న కాలంలోనే, 1956 అక్టోబరు 14న, నాగపూరులో అంబేడ్కర్ లక్షల మందితో బౌద్ధం తీసుకున్నాడు. ఒకచోట బౌద్ధం మళ్ళీ లేస్తున్నది, ఒకచోట దాని నేల నీళ్ళ కిందికి పోతున్నది. ఈ రెండింటినీ ఒక వాక్యంలో కలిపి చెప్పే గైడు మాకు తారసపడలేదు. ఇక్ష్వాకు రాజు చాంతమూలుడు అశ్వమేధం చేశాడని, ఆయన చెల్లెలు చాంతిసిరి మహాచైత్యానికి దానాలిచ్చిందని, బోధిసిరి అనే ఉపాసిక సింహళ భిక్షువుల కోసం కట్టించిందని శాసనాలు చెబుతున్నాయి. మగవాళ్ళు యజ్ఞం, ఆడవాళ్ళు బుద్ధుడు. ఎంత పెద్ద విషయం! అది బోర్డు మీద ఒక పంక్తి కూడా కాలేదు. కర్నూలు జిల్లా ఎర్రగుడిలో అశోకుడి శాసనాలు ఎండలో అట్లానే ఉన్నాయి. సంగమేశ్వరానికి పోయే జనంలో పదో వంతు అయినా అటు పోతారా అని మా అనుమానం.

పడవ అందరికీ యాత్ర కాదని కూడా గుర్తుపెట్టుకోవాలి. ఊళ్ళు మునిగినాక నది వెడల్పయింది, చుట్టరికాలు రెండు ఒడ్డుల్లో మిగిలినాయి. పెళ్ళికీ చావుకీ జాతరకీ పడవే దారి. 2007 జనవరిలో సింగోటం జాతరకు పోయి తిరిగొస్తున్న పడవ మంచాలకట్ట దగ్గర మునిగి అరవై మంది దాకా చనిపోయారు. వంతెన కావాలని అప్పటి నుంచి అడుగుతూనే ఉన్నారు. 2022లో సోమశిల దగ్గర 1,082 కోట్ల తీగల వంతెన మంజూరైంది. ప్రకటనలో ఏముంది? అద్దాల నడకదారి, గోపురం ఆకారంలో స్తంభం, రంగుల దీపాలు. చచ్చిపోయినవాళ్ళ ప్రస్తావన లేదు. చావులకు జవాబుగా అడిగిన వంతెన కూడా చివరికి చూడ్డానికి వచ్చేవాళ్ళ కోసం ముస్తాబవుతున్నది.

కడప జిల్లాలో ఇదే కథ గండికోట దగ్గర మొదలైంది. 2020లో గండికోట జలాశయం నింపడానికి తాళ్ళప్రొద్దుటూరును ఖాళీ చేయించారు. పరిహారం, గడువు చాలదని ఊరు గొడవ చేసింది. 2024లో గండికోట పర్యాటకానికి కేంద్రం 77 కోట్లకు పైగా మంజూరు చేసింది. కోట, లోయ, పడవ షికారు. పెన్న మీద గైడు చెప్పే కథ ఇంకా గట్టిపడలేదు. అందులో పెమ్మసాని నాయకులు ఇప్పటికే ఉన్నారు, తాళ్ళప్రొద్దుటూరు వాడలు ఇంకా లేవు.

పర్యాటకం వల్ల మనవాళ్ళకు నాలుగు రూకలు వస్తున్నాయి కదా అనే మాట ఉంది. వస్తున్నాయి. పడవ తోలేవాళ్ళల్లో, మజ్జిగ అమ్మేవాళ్ళల్లో మునక ఊళ్ళవాళ్ళు ఉన్నారు. వాళ్ళ పొట్టమీద కొట్టమని ఎవరూ అనరు. కానీ తన ఊరి మీదుగా పడవ తోలుతూ, ఆ ఊరి పేరు చెప్పకుండా పాండవుల పేర్లు చెప్పాల్సి రావడాన్ని ఉపాధి అని సరిపెట్టుకోవడం మాకు కష్టంగా ఉంది.

1981లో ఇరవై ఏళ్ళున్నవాళ్ళకు ఇప్పుడు అరవై దాటింది. పునరావాస కాలనీల్లో, కర్నూలు పేటల్లో ఇంకా ఉన్నారు. వాడ ఏ దిక్కున ఉండేది, లంద ఎక్కడ, మంచినీళ్ళ బావి ఎవరిది, అందులో చేదుకోనిచ్చేవాళ్ళా, ఖాళీ చేయించిన రోజున తప్పెట ఎవరు కొట్టారు, ఏ దేవతను మోసుకొచ్చుకున్నారు, ఏ దేవతను వదిలేశారు: ఇవి అడిగి రాయాలి. పటాలు గీయించాలి. నీళ్ళు దిగిన నెలల్లో వాళ్ళను వెంటబెట్టుకుని పోయి గోడల అడుగులు గుర్తుపట్టించాలి. గుడి బయటపడిన వారాల్లో వాడ కూడా బయటపడుతుంది, బురద ఆరేలోగా పోవాలి.