ధారణ

వార్ధక్యమున మొదట జారిపోవునవి పేర్లు. నిన్న సాయంకాలము గుడి అరుగుమీద నాతో చాలసేపు ముచ్చటించిన పెద్దమనిషి పేరు నేడు నోటికి రాదు. చిన్ననాడు గురువుగారు వల్లె వేయించిన పద్యము మాత్రము, ఎవరు నడుగకున్నను, నీళ్లు పోసికొనుచుండగా తనంత తానే పెదవులమీదికి వచ్చుచున్నది. వైద్యులు దీనికే పేరు పెట్టుదురో కాని, యౌవనమున కొంతకాలము అవధానవిద్య నభ్యసించినవాడ నగుటచే నాకిందు వింత కనబడదు.

అష్టావధానమున పృచ్ఛకు లెనమండుగురు. సమస్య యిచ్చువారొకరు, దత్తపదు లిచ్చువారొకరు, అక్షరమక్షరమునకు నిషేధము పెట్టువారొకరు. వీరందరి నడుమ అప్రస్తుతప్రసంగి తగుదునమ్మా యని దూరి, ఇంట వండిన కూర సంగతి యడిగి ఏకాగ్రతను చెరుపజూచును. ఆవృత్తి కొక పాదము చొప్పున చెప్పుచు, నాలుగావృత్తులు ముగిసిన పిమ్మట, చెల్లాచెదరైన ఆ పాదముల నన్నింటిని మరల పద్యములుగా అప్పగించుటయే ధారణ. చూచువారి కిది అద్భుతమే. చేయువానికి మాత్రము పట్టుకొనుటకు కొమ్మలున్నవి. మొదటి పాదమున రెండవ యక్షరము జ్ఞప్తియందున్నచో తక్కిన మూడింటి రెండవ యక్షరమును ప్రాస చెప్పును. ఉత్పలమాలలో 10వ యక్షరమును, చంపకమాలలో 11వదానిని, శార్దూలమున 13వదానిని యతి చెప్పును. మనుష్యుల పేర్లకు యతియు లేదు, ప్రాసయు లేదు.

నాకు సమస్యలిచ్చినవారిలో పలువురు కాలధర్మము నొందిరి. వారి ముఖములు మసకబారినవి, వారి సమస్యలు చెక్కు చెదరలేదు. నేనాశువుగా చెప్పిన పూరణలను వ్రాసికొన్నవారు లేరు గనుక అవి నాతోడనే పోవును. వానిలో సగము పోదగినవే యని ఒప్పుకొనుటకు నాకు సంకోచము లేదు.

ఈ వయస్సున నేను తరచుగా తెరచు పుస్తకము చెళ్లపిళ్ల వేంకటశాస్త్రిగారి ‘కథలు–గాథలు’. వృద్ధాప్యమున వారు వ్రాసిన ఆ వ్యాసములలో ఒక ముచ్చట మొదలుపెట్టి, దానినుండి వేరొకదానిలోనికి మరలి, అందుండి ఇంకొకదానిలోనికి పోవుట కలదు. విమర్శకులు దీనిని దోషముగా నెంచవచ్చును గాని, ముసలివాని జ్ఞాపకము నడచు తీరే యది. వారి జంటకవి తిరుపతిశాస్త్రిగారు 1920లో గతించిరి. అవధానసభలలో చెరియొక పాదము పంచుకొన్న ఆ సహచరుడు పోయిన పిదప ముప్పదేండ్లు, అనగా 1950లో తాము కన్నుమూయుదాక, వేంకటశాస్త్రిగారు తామొక్కరే వ్రాసినవానిని గూడ జంటపేరిట ప్రకటించుట మానలేదు. వారు చేసిన శతావధానములకంటె ఇదియే గొప్ప ధారణ యని నా అభిప్రాయము.