కోపెన్‌హేగన్: చీకట్లో ఒక నడక

మా వృత్తిలో కొన్ని బగ్స్‌ని హైజెన్‌బగ్ అంటారు. ప్రోగ్రామ్ ఎక్కడ తప్పుతోందో చూద్దామని మధ్యలో ఒక లాగ్ లైను పెడతాం. అంతే, తప్పు మాయం. లైను తీసేస్తే మళ్ళీ ప్రత్యక్షం. ఇంజనీరింగ్ రోజులనుంచీ క్వాంటం ఫిజిక్స్ గురించి నా అవగాహన దాదాపు ఇంతే: చూస్తే మారిపోతుంది. ఈ ముక్క చెప్పి జూనియర్ల దగ్గర కొంత పేరు కూడా సంపాదించాను. మైకేల్ ఫ్రేన్ నాటకం 'కోపెన్‌హేగన్' రెండోసారి చదివాక చెప్పడం మానేశాను.

1941 సెప్టెంబరులో, జర్మనీ ఆక్రమణలో ఉన్న కోపెన్‌హేగన్‌కి వెర్నర్ హైజెన్‌బర్గ్ వచ్చి, తనకు గురువులాంటి నీల్స్ బోర్‌ని కలిశాడు. అప్పటికి అతను జర్మన్ అణు పరిశోధనలో ముఖ్యుడు. బోర్ తల్లి యూదు కుటుంబంలో పుట్టినావిడ. ఇద్దరూ ఏకాంతంగా ఏం మాట్లాడుకున్నారన్న విషయంలో తర్వాత వాళ్ళ జ్ఞాపకాలు కలవలేదు. 1998లో లండన్ నేషనల్ థియేటర్‌లో మొదటిసారి ప్రదర్శించిన ఈ నాటకంలో బోర్, భార్య మార్గరెథ, హైజెన్‌బర్గ్ చనిపోయాక మళ్ళీ కలుసుకుని ఆ సాయంత్రాన్ని పదేపదే నడిపిస్తారు. ఎందుకొచ్చాడు? ప్రతిసారీ ఒక జవాబు దొరుకుతుంది, ప్రతిసారీ అది నిలవదు.

2002లో వచ్చిన బీబీసీ చిత్రంలో డేనియల్ క్రెయిగ్ హైజెన్‌బర్గ్‌గా, స్టీఫెన్ రే బోర్‌గా నటించారు. ముగ్గురు మనుషులు, మాటలు, అంతే. అయినా కళ్ళు తిప్పుకోలేం. నా పేచీ నాటకం ఆధారపడిన పోలికతోనే.

ఒకచోట ఊరే ఒక పరమాణువు అవుతుంది. చీకట్లో తిరిగే బోర్ ఎలక్ట్రాన్, అతన్ని వెతుకుతూ వచ్చి గుద్దుకునే హైజెన్‌బర్గ్ కాంతి కణం. గుద్దుకోగానే బోర్ దారి మారుతుంది. కాంతి తగిలి ఎలక్ట్రాన్ కదిలిపోవడమనేది 1927లో హైజెన్‌బర్గ్ ఊహించిన సూక్ష్మదర్శిని బొమ్మే. అది చాలదని బోర్ అప్పుడే పట్టుకున్నాడు: కాంతికి ఏమైందో కచ్చితంగా తెలిస్తే ఎలక్ట్రాన్‌కి ఏమైందో లెక్కకట్టొచ్చు కదా! హైజెన్‌బర్గ్ ప్రూఫుల్లో ఒక గమనిక చేర్చాల్సివచ్చింది. ఫ్రేన్‌కి ఇదంతా తెలుసు, బోర్ అభ్యంతరాన్ని నాటకంలోనే పెట్టాడు. కానీ అక్కణ్ణుంచి మనిషి మనసులోకి దూకేటప్పుడు మాత్రం పాత బొమ్మనే వెంట తీసుకెళ్ళాడనిపిస్తుంది: ఎదుటివాడు చూడగానే మనం మారిపోతాం.

నాటకం రంగస్థలం ఎక్కిన 1998లోనే జర్మనీలోని కాన్‌స్టాంజ్‌లో డ్యూర్, నాన్, రెంపె ఒక ప్రయోగం ప్రచురించారు. రుబీడియం పరమాణువులు రెండు దారుల్లో వెళ్ళి కలిస్తే తెరమీద చారలు రావాలి. మైక్రోవేవ్‌లతో ఏ దారిన వచ్చిందన్న గుర్తును పరమాణువు లోపలి స్థితిలోనే దాచారు. ఆ మైక్రోవేవ్‌ల తోపు చారల్ని చెరపడానికి ఏమాత్రమూ చాలదు. అయినా చారలు పోయాయి. ఆ గుర్తును ఎవరూ చదవక్కర్లేకపోయింది.

2004లో వియన్నా బృందం ఇంకో అడుగు వేసింది. 70 కార్బన్ పరమాణువులున్న అణువుల్ని లేజర్‌తో బాగా వేడిచేసి పంపింది. వేడెక్కినకొద్దీ అవి దారిలో కాంతిని వెదజల్లుతాయి, ఆ మేరకు చారలు మసకబారతాయి. ఆ కాంతిని పట్టుకోవడానికి అక్కడ ఎవరూ లేరు. అణువు ఎక్కడుందో చెప్పగల జాడ బయటికి పోవడమే చాలు. తెలుగులో 'పరిశీలన' అనగానే కళ్ళజోడు పెట్టుకున్న ఓ పెద్దమనిషి గుర్తొస్తాడు. (మన దగ్గర వెంటనే 'సాక్షి చైతన్యం' కూడా వచ్చి కూర్చుంటుంది, ఆ గొడవ ఇప్పుడొద్దు.) 'కొలత' కొంత నయం. నన్నడిగితే 'జాడ'.

ఇక్కడే నా హైజెన్‌బగ్ కూడా కూలిపోయింది. లాగ్ లైను పెడితే రెండు థ్రెడ్ల మధ్య టైమింగ్ మారుతుంది, తప్పు దాక్కుంటుంది. నాకు తెలియకపోయినా ఏ థ్రెడ్ ముందు నడిచిందో ఆ క్షణాన తేలిపోయే ఉంటుంది. చారలు కనిపిస్తున్నప్పటి పరమాణువు సంగతి వేరు. అది ఏదో ఒక దారినే వచ్చింది, మనకే తెలీదు అనుకుంటే ఆ చారలే రావు.

మరి 1941 నాటి మాటలు ఏ కోవలోకి వస్తాయి? హైజెన్‌బర్గ్ నోరు విప్పి కొన్ని మాటలన్నాడు, బోర్ విన్నాడు. ఆయన పంపకుండా ఉంచేసిన ఉత్తరాల చిత్తుప్రతుల్ని 2002లో బోర్ ఆర్కైవ్ బయటపెట్టింది. అణ్వాయుధాలకోసం హైజెన్‌బర్గ్ నాయకత్వంలో జర్మనీలో అన్నీ జరుగుతున్నాయన్న అభిప్రాయమే ఆ సంభాషణవల్ల తనకు కలిగిందని వాటిలో ఉంది. జ్ఞాపకం తప్పు కావచ్చు. కానీ తప్పొప్పులున్న చోట ఒక నిజం ఉండే ఉంటుంది. ఫ్రేన్ వెనకమాటలో తనది పోలిక మాత్రమేనని జాగ్రత్తపడ్డాడు, నిజమే. హాల్లోంచి బయటికొచ్చే ప్రేక్షకుడు వెనకమాట చదవడు. హిట్లర్ ప్రభుత్వానికి పనిచేసిన మనిషి ఉద్దేశం ప్రకృతి నియమం ప్రకారమే తేలదన్న ఊరట మోసుకుని ఇంటికెళతాడు. ఆ ఊరట ఫిజిక్స్ ఇచ్చింది కాదు.

అయినా ఒక్క దృశ్యం దగ్గర నేను తగ్గాలి. రెండేళ్ళ క్రితం నేను రాత్రిపూట చేసిన ఒక మార్పువల్ల సర్వర్లు పడిపోయాయి. అలా ఎందుకు చేశావని మర్నాడు మీటింగులో అడిగితే చక్కటి కారణం చెప్పాను. అబద్ధం కాదు. కానీ రాత్రి ఆ కారణం నా బుర్రలో ఉందని ఒట్టేయలేను. నాటకం చివర్లో బోర్ కోపంతో వెళ్ళిపోకుండా ఉండి ఉంటే ఏమయ్యేదో ఊహిస్తాడు. 'ఆ లెక్క చేశావా?' అని అడుగుతాడు. బాంబుకి ఎంత యురేనియం కావాలన్న లెక్క. హైజెన్‌బర్గ్ చేయలేదు. అడిగితే చేసేవాడేమో. చేస్తే...

ఇక్కడ దాగిన ఉద్దేశాన్ని ఎవరూ వెలికితీయడం లేదు. ఆ ప్రశ్నే, అంతకుముందు లేనిదాన్ని పుట్టిస్తుంది. టార్చిలైటు బొమ్మకన్నా ఇది క్వాంటం కొలతకి ఎంతో దగ్గర. ఫ్రేన్ దీనికి క్వాంటం పేరు పెట్టకుండా వదిలేయడం నాకు నచ్చింది.

1945 ఆగస్టులో ఇంగ్లండ్‌లోని ఫార్మ్ హాల్‌లో పదిమంది జర్మన్ శాస్త్రవేత్తలు బందీలుగా ఉన్నారు. గోడల్లో మైకులున్న సంగతి వాళ్ళకి తెలీదు. హిరోషిమా వార్త విన్న రాత్రి హైజెన్‌బర్గ్ బాంబుకి దాదాపు టన్ను కావాలన్నట్టు మాట్లాడాడు. వారం దాటగానే లెక్క సరిచేసి సహచరులకి వివరించాడు. ఆ మాటలన్నీ కాగితం మీదికెక్కాయి, 1992లో బయటికొచ్చాయి.