వేమన రసవాదం – అభిరాముడి కథపై ఒక పరిశీలన

వేమన పద్యం ఒక్కటైనా రాని తెలుగువాడు పాత్రపూర్‌లో కూడా అరుదు. గంజాం ప్రాంతం 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రంలో చేరినప్పటి నుంచి ఇక్కడి తెలుగు ఇళ్ళలో చదువు ఒక భాషలో, మాట మరొక భాషలో సాగుతున్నాయి. తెలుగు అక్షరాలు రాని పిల్లలు కూడా అమ్మమ్మ నోటి నుంచి నాలుగైదు ఆటవెలదులు పట్టుకుంటారు. అయితే ఆ నాలుగైదూ నీతి పద్యాలే. వేమన అంటే మంచి చెడ్డలు చెప్పిన పెద్దమనిషి అనే అభిప్రాయం అలా స్థిరపడిపోయింది. బంగారం చేయాలని కొలిమి దగ్గర కూర్చున్న వేమన, ఒకరికి దక్కవలసిన విద్యను మోసంతో తీసుకున్న వేమన మన విద్యార్థులకు దాదాపు తెలియడు. ఈ వ్యాసం ఆ వేమనను గురించి.

కథ అందరూ విన్నదే అయినా ఒకసారి గుర్తు చేస్తాను. అభిరామయ్య కంసాలి. లంబికా శివయోగి అనే సిద్ధుణ్ణి చాలాకాలం సేవించాడు. యోగి సంతోషించి, మర్నాడు ఉపదేశం చేస్తానన్నాడు. సంగతి పసిగట్టిన వేమన అభిరామయ్యను కదలకుండా ఆపి, తానే అతని స్థానంలో వెళ్ళి ఉపదేశం పొందాడు. తరువాత పశ్చాత్తాపపడి కంసాలి కాళ్ళ మీద పడి, అతని పేరు తన పద్యాల మకుటంలో చేర్చాడు.

చరిత్రగా ఇది నిలవదు. మకుటంలో ‘అభిరామ’ అనే మాట ఉంది కనుక దానికి సమాధానంగా కథ పుట్టిందనుకోవడమే సబబు. ‘విశ్వద’ అనే మాటకు కూడా ఒక స్త్రీని కల్పించి చెప్పినవారున్నారు. పండితులు ఆ రెండు పదాలనూ కలిపి దైవపరంగా అన్వయిస్తారు. వ్యాకరణం వారి పక్షానే ఉంది. కానీ కథను కొట్టిపారేసి ముందుకు పోతే మనం నష్టపోతాం. ఎవరో తెలియని జనం వేమనపై రాసిన తొలి విమర్శ ఈ కథేనని నా అభిప్రాయం.

ఎందుకంటే, తెలుగు సామెతల్లో కంసాలి ఎప్పుడూ దొంగే. తల్లి బంగారమైనా వదలడని అతని మీద నింద. ఈ కథలో ఆ నింద తిరగబడింది. ఇక్కడ దొంగిలించినవాడు రెడ్డి దొరల ఇంటి బిడ్డ, కొండవీటి అనవేమారెడ్డి తమ్ముడని కథలు చెప్పే మనిషి. పోగొట్టుకున్నవాడు చేతిపని మీద బతికే కంసాలి. గురుశిష్య పరంపరలో విద్య దిగవలసిన క్రమం తప్పింది. వరుసలో లేనివాడు వచ్చి తీసుకుపోయాడు. రసవాదుల సంప్రదాయంలో దీనికి మించిన అపరాధం లేదు, వారి విద్య అంతా రహస్యం మీద నిలిచింది కనుక. అలా తీసుకున్నవాడు రహస్యాన్ని దాచుకోకుండా ఊరూరా పద్యాల్లో చల్లేశాడు. ఇది రెండో అపరాధం.

లంబిక అనే పేరు కూడా గమనించదగినది. నాలుకను వెనక్కి మడిచి అంగిలికి చేర్చే యోగసాధనకు సంబంధించిన మాట అది. అంటే బంగారపు కథ లోపల యోగపు కథ దాగి ఉంది. రసం అంటే పాదరసం, కావ్యరసం కూడా. సిద్ధులు దానిని ముందు లోహం మీద, ఆపైన దేహం మీద ప్రయోగించాలన్నారు. లోహసిద్ధి మెట్టు, దేహసిద్ధి గమ్యం. తెలుగు సాహిత్యానికి ఇది కొత్త కాదు. పెద్దన మనుచరిత్రలో ప్రవరుణ్ణి హిమాలయం చేర్చి, మంచులో కరిగిపోయి అతణ్ణి చిక్కుల్లో పెట్టిన పసరు కూడా ఒక సిద్ధుడిచ్చినదే. గౌరన నవనాథచరిత్ర ఇటువంటి సిద్ధుల కథలనే ద్విపదలో చెప్పింది. ఏడో శతాబ్దపు చైనా యాత్రికుడు హ్యూయాన్‌త్సాంగ్, నాగార్జునుడు రాజు కోసం రాళ్ళను బంగారం చేశాడన్న కథను రాసుకున్నాడు.

వేమన పేర ఉన్న పద్యాల్లో హేమవిద్యను మరుగుమాటల్లో చెప్పేవి ఉన్నాయి, బంగారం వెంట పడేవారిని వెక్కిరించేవీ ఉన్నాయి. ఇక్కడే విమర్శకుల కూటమి చీలింది. మొదటివి ప్రక్షిప్తాలని కొందరు తోసేస్తారు. అవి కవి యౌవనంలోవి, రెండోవి జ్ఞానోదయం తరువాతివి అని కొందరు వరస పెడతారు. అంతా యోగ సంకేతమే అనేవారు మరికొందరు. బ్రౌను 1829 ముద్రణలో 693 పద్యాలుంటే, 1839 నాటికి 1164 అయ్యాయి. ఇలా పెరిగే రాశిలో ఏది అసలో తేల్చడం కష్టం. 1928లో రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ అనంతపురంలో చేసిన ఉపన్యాసాలతో వేమన పండితుల చర్చలో గట్టిగా నిలబడ్డాడు. ఎన్. గోపి ‘ప్రజాకవి వేమన’ పాఠాల లెక్కను మరింత శ్రద్ధగా తీసింది.

యౌవనం, జ్ఞానోదయం అనే వరస నాకు నచ్చదు. అది మరీ సౌకర్యంగా ఉంది. 1947 నాటి ‘యోగి వేమన’ చిత్రంలో కె.వి. రెడ్డి దానినే అందంగా చూపించారు: బంగారం చేతికి వచ్చేసరికి ప్రాణంగా చూసుకున్న అన్న కూతురు లేదు, వేమనకు విరక్తి. నాగయ్య నటన ముందు వాదించడం కష్టమే. కానీ సినిమా వదిలేసినా కథ వదలనిది ఆ దొంగతనం. ఒక్క శోకంతో కవి విరాగి అయ్యాడంటే మనకు జాలి కలుగుతుంది. చేసిన మోసాన్ని ప్రతి పద్యం చివరా తానే చెప్పుకుంటున్నాడంటే కులాన్నీ గురువులనూ దుయ్యబట్టే అతని పద్యాలు వేరుగా వినిపిస్తాయి. ఇతరులను తిట్టే గొంతులో తన తప్పు కూడా ఉంది. నీతి పద్యాల ఎంపికలు తీసేసింది సరిగ్గా దీనినే.

మన విద్యార్థులకు ఒక సూచన. పాత్రపూర్ చుట్టుపక్కల పెద్దవాళ్ళ దగ్గర వేమన పద్యాలు రాసుకునేటప్పుడు నాలుగో పాదం తెలిసినదే కదా అని చుక్కలు పెట్టి వదలకండి. వాళ్ళు ‘అభిరామ’ను ఎలా పలుకుతారు, ఎవరని చెబుతారు, ఆ కథలో కంసాలి చివరికి ఏమయ్యాడంటారు? అవి కూడా పద్యం పక్కనే రాయండి.