విలేకరి రాసిన చరిత్ర

మన్సూరాబాద్‌లో మా ఇంటి అరలో అట్ట నలిగిన పుస్తకం ఒకటుంది: సురవరం ప్రతాపరెడ్డి గారి ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’. 1949లో వచ్చింది. రాసినాయన పత్రికా సంపాదకుడు.

పొద్దున ఇంటికొచ్చిన పత్రిక సాయంత్రానికి పొట్లం కాగితమవుతుంది. ఆ రాతలోని చూపును పుస్తకంగా నిలబెట్టడం వేరే పనితనం. ప్రతాపరెడ్డి గారు 1926లో, నిజాం ఏలుబడిలో, గోలకొండ పత్రిక మొదలుపెట్టారు. తెలంగాణలో కవులే లేరన్న మాట వినబడితే మాటకు మాట అనడంతో ఊరుకోలేదు. పద్యాలు సేకరించి 1934లో 354 మంది కవులతో సంచిక అచ్చువేశారు. విలేకరి జవాబంటే అదీ, లెక్కతో సహా!

చరిత్ర రాసేటప్పుడూ అదే అలవాటు. రాజుల యుద్ధాలు పక్కనబెట్టి జనం ఏం తిన్నారు, ఏం కట్టారు, ఏ ఆటలాడారు అని అడిగారు. క్రీడాభిరామం, హంసవింశతి, శుకసప్తతి వంటి కావ్యాలను సాక్షుల్లా కూర్చోబెట్టి వాంగ్మూలం తీసుకున్నారు. ఎన్నిసార్లు చదివినా నన్ను కట్టిపడేసేది ఈ ఆరా తీయడమే. తెలుగుకు తొలి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి 1955లో ఈ పుస్తకానికే దక్కింది. అందుకోవడానికి ఆయన లేరు, 1953లోనే కన్నుమూశారు.

అలాంటి ప్రశ్నలు మా మన్సూరాబాద్ గురించీ అడగాలి. ఇక్కడి పెద్దచెరువు చుట్టూ ఇళ్లు లేచాయి. 2018లో ఎల్బీనగర్ దాకా మెట్రో వచ్చింది. ఈ మార్పులో మనుషులు ఎలా బతికారో, ఎవరికి ఎందుకు ఓటేశారో, పత్రికలు ఏం రాశాయో, ఏం వదిలేశాయో రాసిపెట్టే విలేకరులు ఇప్పుడూ ఉన్నారు. వాళ్ల పుస్తకం కనబడితే కొని చదవండి.