ముప్పైల్లోనే ముసలివేషం

మా నాటకాలవాళ్లకు ముసలి వేషం ఇస్తే ముందు దగ్గు మొదలవుతుంది. తర్వాత చేతికర్ర, ఆపైన గొంతులో వణుకు. జపాన్ నటుడు చిషూ ర్యూ ఈ సరంజామా లేకుండానే దశాబ్దాలపాటు పెద్దవాళ్ల వేషాలు వేశాడు. 'టోక్యో స్టోరీ' (1953)లో డెబ్బై ఏళ్ల తండ్రిగా కనిపించేనాటికి అతనికి 49. భార్యగా వేసిన చియెకో హిగషియామా అతనికన్నా 14 ఏళ్లు పెద్ద. పెద్దకొడుకు సో యమమురా ఆరేళ్లే చిన్న. మనకిదేం వింత కాదు, తనకన్నా పెద్దవాడైన అక్కినేనికి గుమ్మడి తండ్రిగా వేసి మెప్పించారు కదా!

ర్యూ కుమామోటో ప్రాంతపు బౌద్ధ పూజారి కొడుకు. టోక్యోలో భారతీయ తత్వశాస్త్రం చదువుతూ మధ్యలో వదిలేసి, 1925లో షోచికు కంపెనీ కమటా స్టూడియోలో చేరాడు. పదేళ్లపాటు చిల్లర వేషాలే. మూకీల్లో తెర పక్కన నిలబడి అందరి మాటలూ బెన్షీ అనే వ్యాఖ్యాత చెప్పేవాడు కాబట్టి నటుడి యాసతో ఎవరికీ పనిలేదు. 1931లో షోచికు టాకీ తీశాక మైకు రాజ్యం మొదలైంది. ర్యూ పల్లె యాస బయటపడింది. చివరిదాకా పోలేదు కూడా. దర్శకుడు ఓజు దానికేం బెదరలేదు. తన తొలి టాకీ కథాచిత్రం 'ది ఓన్లీ సన్' (1936)లో అతనికి పల్లెటూరి పంతులు వేషం ఇచ్చాడు. ఏదో సాధిద్దామని టోక్యో వెళ్లి, చివరికి పంది మాంసం కట్లెట్లు వేయించుకుని బతికే మనిషి. ఆ నిదానపు మాట తీరు పాత్రకు అతికినట్టు సరిపోయింది.

'టోక్యో స్టోరీ' మొదట్లో ర్యూ ప్రయాణానికి సామాను సర్దుతూ గాలిదిండు నీ దగ్గరే ఉందంటాడు భార్యతో. లేదంటుందామె. కాసేపటికి తన సంచిలోనే దొరుకుతుంది. ఉందిలే అనేసి మళ్లీ సర్దుకుంటాడు. నాలిక కరుచుకోడు, నవ్వడు. ఆ దంపతుల ఇన్నేళ్ల కాపురం అక్కడే తెలిసిపోతుంది. నటన నేర్పేవాళ్లు పిల్లలకు ముందు ఈ ముక్క చూపించాలంటాను.

ఓజు ఎలా చెబితే అలా చేసేవాడు ర్యూ. 'లేట్ స్ప్రింగ్' (1949)లో మాత్రం అడ్డం తిరిగాడు. కూతురికి పెళ్లిచేసి పంపి, ఒంటరిగా యాపిల్ చెక్కు తీస్తూ బావురుమనాలి. నా వల్ల కాదన్నాడు. ఓజు పట్టుబట్టలేదు. చెక్కు తెగి పడుతుంది, తల వాలిపోతుంది, అంతే. ఏడ్చి ఉంటే ఆ సీను ఇంతకాలం నిలిచేది కాదని నా నమ్మకం.

కురోసావా తీసిన 'డ్రీమ్స్' (1990)లో ర్యూ నీటిమరల ఊరి ముసలాయనగా గంట మోగిస్తూ ఊరేగింపులో చిందులేస్తాడు. అప్పటికి నిజంగానే 85 నిండాయి. పాత్ర వయసు మాత్రం 103.